వెల్లకిలా తేలిన బంతి

ఆ బుధవారం ఉదయం లిఫ్టు మెకానిక్ వేసుకున్న పథకం చాలా చిన్నది. ఆరున్నరకి లేవాలి. చేపకి ఏడు మేత గింజలు నానబెట్టి వెయ్యాలి. ఏడుంబావుకి బస్సెక్కి, పదకొండంతస్తుల ఆఫీసు భవనంలో మూడో అంతస్తు దగ్గర మొండికేసి ఆగిపోతున్న లిఫ్టు సంగతి చూడాలి. ఇంతకంటే సాదా ఉదయం ఎవరికీ ఉండదు. తర్వాత తల్చుకున్నప్పుడల్లా అతనికి ఆ సాదా ఉదయం మీద బెంగ కలిగేది.

గింజలు లెక్కపెట్టి, చిన్న గిన్నెలో రెండు నిమిషాలు నానబెట్టి, హాల్లో ఉన్న గాజుతొట్టి దగ్గరికి వెళ్లాడు. రోజూ అడుగుల చప్పుడు వింటేనే అద్దం దగ్గరికొచ్చి మూతి ఆడించే చేప ఆ రోజు రాలేదు. నీళ్ల పైన తేలుతోంది. అదీ వెల్లకిలా. నారింజరంగు పొట్ట గోరంత నీళ్లలోంచి బయటికి కనిపిస్తోంది. వేలితో నీళ్లు కదిపాడు. మొప్పలు ఆడాయి. ఒక కన్ను అతని వైపు తలకిందులుగా చూసింది. బతికే ఉందన్న ఊరట అరనిమిషం కూడా నిలవలేదు, ఎందుకంటే ఆ చేప అతనిది కాదు. మామగారిది.

చేప పేరు బంతి. గుండ్రంగా, పొట్టిగా, తోక పరదాలా పరుచుకుని ఉండే గోల్డ్‌ఫిష్. అత్తగారు తెచ్చి, పేరు పెట్టి, పెంచుకున్నది. ఆవిడ పోయి ఏడాదిన్నర అయింది. అప్పట్నుంచి తొట్టి ముందు కుర్చీ వేసుకుని కూర్చోవడమే మామగారికి పని. ఆయన తూనికలు, కొలతల శాఖలో ఇన్‌స్పెక్టరుగా చేసి రిటైరయ్యారు. ముప్ఫయి రెండేళ్లు బజారు బజారూ తిరిగి, అడుగున మైనం అంటించిన తక్కెడలనీ, లోపల తొలిచేసిన తూకపు రాళ్లనీ పట్టుకున్న మనిషి. చక్కెర డబ్బాలో చెంచా ఏ వైపు ఒరిగి ఉందో చూసి, కాఫీ ఎవరు కలుపుకున్నారో చెప్పేవారు.

అలాంటాయన ఇంట్లో ఒకే ఒక్క తప్పుడు కొలత ఉండేది. అది హాల్లోని గోడ గడియారం. పదిహేను నిమిషాలు ముందు నడిచేది. ఆయన ఆఫీసుకి ఆలస్యంగా వెళ్లకూడదని అత్తగారు ముల్లు ముందుకి తిప్పి పెట్టారు. ఆ సంగతి ఆయనకి తెలుసు. తెలిసి కూడా ముప్ఫయ్యేళ్లు దాన్ని నమ్మినట్టే నటించి, రోజూ పావుగంట ముందే గడప దాటేవారు.

ఆవిడ పోయిన పది నెలలకి, ఒక సెలవు రోజున చేతికి పనిలేక, అల్లుడు ఆ గడియారం దించాడు. దుమ్ము దులిపాడు, నూనె వేశాడు, టైము సరిచేశాడు. "ఇప్పుడు సెకను కూడా తేడా లేదు మావయ్యా" అని గొప్పగా చెప్పాడు కూడా. మామగారు గడియారం వంక చూశారు, అల్లుడి వంక చూశారు, తన గదిలోకి వెళ్లి తలుపు వేసుకున్నారు. సంగతేమిటో భార్య చెప్పాక అల్లుడు పరుగున వెళ్లి ముల్లు మళ్లీ పావుగంట ముందుకి తిప్పాడు. కానీ అది అతను తిప్పిన పావుగంట అయింది గానీ, ఆవిడ తిప్పింది కాలేకపోయింది. ఆ రోజు నుంచి ఎనిమిది నెలలుగా మామగారు అల్లుడితో నేరుగా ఒక్క మాట మాట్లాడలేదు.

ఏం చెప్పాలన్నా పదేళ్ల మనవరాలి చేత చెప్పించేవారు. అల్లుడు పక్కనే ఉన్నా సరే, "మీ నాన్నతో చెప్పమ్మా, ఫ్యాను ఆపమని" అనేవారు. అల్లుడు ఫ్యాను ఆపి, "ఆపానని చెప్పమ్మా" అనేవాడు. పిల్ల పుస్తకంలోంచి తలెత్తకుండానే "ఆపాడట తాతయ్యా" అనేది. ఇంట్లో అందరికీ అలవాటైపోయింది, ఒక్క అల్లుడికి తప్ప. రోజూ పనిలో ఎవరో ఒకరు అంతస్తుల మధ్యలో ఇరుక్కుపోతే తలుపు తెరిచి బయటికి తీసే మనిషి, సొంత ఇంట్లో మాత్రం తనే ఇరుక్కుపోయాడు.

అందుకే శనివారం మామగారు చెల్లెలి ఇంటికి వారం రోజులకని బయల్దేరుతూ అన్న మాటలు అతనికి అంత గొప్పగా తోచాయి.

"మీ నాన్నతో చెప్పమ్మా. పొద్దున ఏడు గింజలు, సాయంత్రం ఐదు. నానబెట్టి వెయ్యాలి. ఆదివారం ఏమీ వెయ్యకూడదు. నువ్వూ మీ అమ్మా ఆ డబ్బా ముట్టుకోవద్దు, మీవి జాలి చేతులు. మీ నాన్న ఒక్కడే వెయ్యాలి. లెక్క తప్పని మనిషి."

లెక్క తప్పని మనిషి! ఆ మాట మీద అల్లుడు నాలుగు రోజులు బతికాడు. వారం తిరిగి మామగారు వచ్చేసరికి బంతి నిగనిగలాడుతూ ఉంటే, ఆయన తొట్టి చూసి "బాగా చూసుకున్నావయ్యా" అని తనతోనే, తన మొహం చూసే అంటారని ఆశ పెట్టుకున్నాడు. ఆ ఆశే ఇప్పుడు నీళ్ల పైన వెల్లకిలా తేలుతోంది.

భార్య వంటింట్లో ఉంది. ఆమెకి చెబితే వెంటనే తండ్రికి ఫోన్ చేస్తుంది. అతను తొట్టి మీద తువ్వాలు కప్పేశాడు. ఏమిటది అని ఆమె అడిగితే, "వెలుతురు ఎక్కువైతే నాచు పడుతుందట" అన్నాడు. తర్వాత బస్సెక్కకుండా వీధి చివర చేపల షాపుకి పరుగెత్తాడు.

షాపాయన పెద్దవాడు. నలభై తొట్ల మధ్య స్టూలు మీద కూర్చుని, మోచేతుల దాకా తడిసిన చేతులతో వల కుట్టుకుంటున్నాడు. అంతా విని, సూది పక్కన పెట్టాడు.

"కంగారు పడకు బాబూ. చేప లోపల గాలితిత్తి ఒకటుంటుంది. అదే దాన్ని పైకీ కిందకీ నిలబెట్టేది. గుండ్రటి చేపలకి పొట్టలో చోటు తక్కువ. పేగు ఉబ్బితే తిత్తిని నొక్కేస్తుంది. ఇక అది ఎటు తేలుస్తుందో దానికే తెలీదు. నూటికి తొంభై చేపలకి ఇది తిండి ఎక్కువై వస్తుంది. ఎన్ని గింజలేస్తున్నావు?"

"పొద్దున ఏడు, సాయంత్రం ఐదు. ఒక్క గింజ తేడా లేదు."

"పొడిగానే వేస్తున్నావా? పొడి గింజ లోపలికెళ్లాక ఉబ్బుతుంది."

"రెండు నిమిషాలు నానబెట్టి. వాచీ చూసుకుని."

షాపాయన గడ్డం గీరుకున్నాడు. "అలాగైతే తిండి కాదు. నీళ్లు చల్లబడ్డాయేమో. లేదంటే తిత్తే పాడైందేమో. దానికి మందు లేదు." ఆ మాటతో మెకానిక్ పక్కనున్న తొట్టి అంచు పట్టుకున్నాడు. అది చూసి షాపాయన గొంతు తగ్గించాడు. "ఏదైనా సరే, చేసేది ఒకటే. మూడు రోజులు పస్తు పెట్టు. పైకి రావడానికి కష్టపడకుండా నీళ్లు సగానికి తియ్యి. ఉన్న నీళ్లు శుభ్రంగా, కాస్త వెచ్చగా ఉంచు. నాలుగో రోజు బఠాణీ ఒకటి ఉడకబెట్టి, తోలు తీసి, నలిపి పెట్టు. అదే జులాబు, పేగు ఖాళీ చేస్తుంది."

"మరి ఈ మూడు రోజులు నేనేం చెయ్యాలి?"

"ఏమీ చెయ్యకూడదు."

"ఏమీ చెయ్యకపోతే ఎలా బాగవుతుంది?"

"ఏమీ చెయ్యకపోతేనే బాగవుతుంది. చెయ్యి మాత్రం పెట్టకు."

మెకానిక్ తలూపాడు గానీ ఆ మాట అతని చెవి దాకానే వెళ్లింది. ఇరవయ్యేళ్లుగా అతని వృత్తిలో ఏమీ చెయ్యకుండా బాగుపడిన యంత్రం ఒక్కటీ లేదు.

ఇంటికొచ్చి నీళ్లు సగానికి తీశాడు. గింజల డబ్బా పొరపాటున ఎవరి చేతికీ చిక్కకుండా అలమారా మీద, పాత సూట్‌కేసు వెనక దాచాడు. అంత జాగ్రత్తా తీసుకుని పనికి వెళ్లాడు. అతను వెళ్లిన పది నిమిషాలకి భార్య తువ్వాలు ఎత్తి చూసింది.

ఇక్కడ పాఠకులకి ఒక సంగతి చెప్పక తప్పదు. ఆమె కళ్లద్దాల షాపులో పనిచేస్తుంది. ఎదుటివాళ్లకి ఏది మసగ్గా కనిపిస్తోందో కనిపెట్టడమే ఆమె ఉద్యోగం. తన విషయంలో మాత్రం ఆ చూపు ఆమెకి లేదు. శనివారం నుంచి ప్రతి ఉదయం, భర్త దగ్గర లేనప్పుడు, చేప అద్దం దగ్గరికొచ్చి మూతి ఆడిస్తే ఆమె మనసు ఆగేది కాదు. ఏడు గింజలు ఏ మూలకి సరిపోతాయి అనుకుని చిటికెడు వేసేది. పొడి గింజలే. ఆదివారం కూడా వేసింది, పాపం పస్తుంటోంది కదా అని. సాయంత్రం బడి నుంచి వచ్చిన పిల్ల కూడా అదే మూతి చూసి, అదే జాలితో, ఇంకో చిటికెడు వేసేది. ఒకరు వేసినట్టు ఇంకొకరికి తెలీదు. గోల్డ్‌ఫిష్‌కి చాలు అనే మాట తెలీదు. అంచేత ఆ ఇంట్లో లెక్క తప్పని మనిషి ఒక్కడే ఉన్నా, బంతి మాత్రం మూడిళ్ల భోజనం చేసింది.

వెల్లకిలా పడి ఉన్న చేపని చూసి ఆమెకి తన చిటికెళ్లు గుర్తుకు రాలేదు. నీరసం అనుకుంది, అంతమాత్రానికి నాన్నకి ఫోన్ చెయ్యడమెందుకు అనుకుంది. ఏడు గింజలతో ఏ ప్రాణి నిలబడుతుంది! డబ్బా కోసం వెతికింది. కనబడలేదు. బ్రెడ్డు ముక్క తుంచి, నలిపి వేసింది. బంతి వెల్లకిలా ఉండే తినేసింది. సాయంత్రం పిల్ల కూడా డబ్బా దొరక్క బిస్కెట్టు పొడి చేసింది. అదీ తినేసింది. దాచిన డబ్బా మూలంగా చేపకి ఉన్న తిండి పోయి ఇంకా చెడ్డ తిండి వచ్చింది.

గురువారం ఉదయానికి బంతి ఇంకాస్త పైకి తేలింది. మెకానిక్‌కి ఏమీ అర్థం కాలేదు. నీళ్ల చలువే కారణమని, లిఫ్టు గోతిలో పని చేసేటప్పుడు తగిలించుకునే పెద్ద దీపం తెచ్చి తొట్టి పైన వేలాడగట్టాడు. అప్పుడే భార్య ఎదురొచ్చి నిలబడింది.

"చేపకి తిండి మానేశారా?"

"నీకెలా తెలుసు?"

"డబ్బా ఎక్కడుంది?"

"మూడు రోజులు ఏమీ పెట్టకూడదు."

"ఎవరన్నారు?"

"తెలిసినవాళ్లే అన్నారు."

ఆమె తొట్టి వంక, సగానికి తగ్గిన నీళ్ల వంక, పైన మండుతున్న దీపం వంక చూసింది. కళ్లలో నీళ్లు తిరిగాయి.

"తిండి మానేశారు, నీళ్లు తోడేశారు, ఇప్పుడు దీపం పెట్టారు. మా నాన్న మీద కోపముంటే నాన్న మీదే చూపించండి. నోరులేని దాని మీద ఎందుకండీ?"

అతను నోరు తెరిచాడు. చేపకి జబ్బు చేసింది, నా చేతిలోనే చేసింది, మీ నాన్న మొహం ఎలా చూడను అని చెప్పాలనుకున్నాడు. చెప్పి ఉంటే ఆమె కూడా తన సంగతి చెప్పి ఉండేది, కథ అక్కడితో తేలిపోయేది. కానీ పౌరుషం అడ్డొచ్చింది. "నా మీద నీకున్న నమ్మకం ఇదేనా?" అని పనిముట్ల పెట్టె తీసుకుని పనికి వెళ్లిపోయాడు. భర్త మీది కోపంతో ఆమె ఆ రోజు బ్రెడ్డు రెండు ముక్కలు వేసింది.

శుక్రవారం సాయంత్రం మామగారి ఫోన్ వచ్చింది. పిల్ల ఎత్తింది. మెకానిక్ పక్కనే చెవి రిక్కించి నిలబడ్డాడు.

"మీ నాన్నని అడుగమ్మా, ఏడేనా?"

"ఏడే! ఏడే అని చెప్పు!" అని అతను అరిచాడు. గత మూడు రోజులుగా సున్నా అన్న సంగతి మింగేశాడు.

"ఏడేనట తాతయ్యా."

"బంతి ఏం చేస్తోంది?"

పిల్ల తండ్రి వంక చూసింది. తండ్రి రెండు చేతులూ చెంప కింద పెట్టుకుని నిద్రపోతున్నట్టు అభినయించాడు.

"పడుకుంది తాతయ్యా."

"పడుకుందా? ఎలా పడుకుంది?"

పిల్లకి అబద్ధం ఒకటే నేర్పారు, రెండోది నేర్పలేదు. "వెల్లకిలా" అంది.

అవతల ఫోన్ పెట్టేసిన చప్పుడు వినిపించింది.

శనివారం అతనికి సెలవు. షాపాయన చెప్పిన మూడు రోజులు ముగిశాయి. బంతి మాత్రం వెల్లకిలానే ఉంది. గాలి తగిలిన చోట పొట్ట ఎర్రగా కమిలింది. అతను కుర్చీలో కూర్చుని దాన్ని చూస్తూ ఉండిపోయాడు. అతని కంటికి అది పై అంతస్తులో ఇరుక్కుపోయిన లిఫ్టులా ఉంది. దిగడానికి బరువు చాలడం లేదు. లిఫ్టు గదికి ఎదురు బరువు కడతారు కదా, అటు అది దిగితే ఇటు ఇది ఎక్కుతుంది. ఆ బరువు సరిగ్గా తూగితే వేలితో నెట్టినా లిఫ్టు కదులుతుంది. మరి చేపకెందుకు కదలదు? ఈ ఆలోచన వచ్చిన క్షణాన్ని అతను తర్వాత ఎన్నిసార్లు తిట్టుకున్నాడో లెక్కలేదు.

భార్య బీరువాలోంచి కళ్లద్దాలు తుడిచే మెత్తటి గుడ్డ తీశాడు. సన్నగా చీరాడు. పెట్టెలో ఉన్న వాషర్లలో అతి చిన్నది ఎంచి, కడిగి, గుడ్డ మధ్యలో కుట్టాడు. రెండు చేతులూ నీళ్లలో పెట్టి, బంతి నడుముకి ఆ పట్టీ కట్టాడు. బంతి గిర్రున తిరిగింది. పొట్ట కిందకి, వీపు పైకి. సరిగ్గా నిలబడి, మెల్లగా దిగి, అడుగున గులకరాళ్ల మీద వాలింది.

"దిగింది!" అని అతను ఒక్కడే చప్పట్లు కొట్టాడు. భార్యా, పిల్లా పరుగెత్తుకొచ్చారు. నాలుగు రోజుల్లో మొదటిసారి ముగ్గురూ ఒకే వైపు చూసి నవ్వారు. ఆ నవ్వు పది నిమిషాలుంది. తర్వాత బంతి పైకి రాబోయింది. రాలేకపోయింది. మళ్లీ ప్రయత్నించింది. తోక కొట్టుకుంది, ఒళ్లు రాళ్లకేసి రాసుకుంది. "తీసెయ్యండి, తీసెయ్యండి!" అని భార్య అరుస్తోంది. అతను చేతులు పెట్టి పట్టీ విప్పబోతే చేప గింజుకుంది. పట్టీ ఊడింది. దాంతోపాటు రెండు పొలుసులు ఊడాయి. పక్క రెక్క అంచు చీలింది.

బంతి మళ్లీ పైకి తేలి వెల్లకిలా పడింది. మెకానిక్ మోచేతుల దాకా తడిసి, అరచేతిలో పట్టీ పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. గుడ్డకి అంటుకుని రెండు నారింజ పొలుసులు మెరుస్తున్నాయి. ఎన్నో యంత్రాలు విప్పాడు గానీ, విప్పినప్పుడు నొప్పి పుట్టేదాన్ని ఎప్పుడూ విప్పలేదు. తలుపు తెరుచుకున్నది అప్పుడే. మామగారు చేతి సంచీతో లోపలికి వచ్చారు. తెల్లవారుజామున మొదటి బస్సు పట్టుకున్నట్టున్నారు, చొక్కా నలిగిపోయి ఉంది.

అల్లుడే ముందు మాట్లాడాడు. పిల్ల వైపు తిరగలేదు, నేరుగా ఆయనకే చెప్పాడు.

"మావయ్యా, బుధవారం నుంచి ఇలాగే ఉంది. మీకు చెప్పకుండా దాచాను. మూడు రోజులు ఏమీ చెయ్యొద్దని షాపాయన చెప్పాడు. వినకుండా బరువు కట్టాను. పొలుసులు ఊడింది నా వల్లే. నన్నేమన్నా పడతాను."

మామగారు సంచీ కింద పెట్టారు. కళ్లజోడు మార్చుకుని, తొట్టి ముందు మోకాళ్ల మీద కూర్చున్నారు. కొంతసేపటికి పొడవాటి గొట్టంతో తొట్టి అడుగున ఉన్నదంతా పీల్చి తెల్లటి పళ్లెంలోకి వదిలారు. ముప్ఫయి రెండేళ్లు బజార్లో చేసిన పనే, ఇప్పుడు హాల్లో చేస్తున్నారు. పుల్లతో ఒక్కొక్కటీ విడదీశారు.

"ఏడు గింజలు తిన్న చేపకి ఇంత మలం రాదు" అన్నారు ఎవరితోనూ కాకుండా. "ఇది నానని గింజ. ఇదీ నానని గింజ. ఇది బ్రెడ్డు. ఇది..." కళ్లజోడు పైకి తోసి వాసన చూశారు. "బిస్కెట్టు."

భార్యా, పిల్లా తేలుకుట్టిన దొంగల్లా ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. మామగారు కూతుర్ని వంటింట్లోకి పిలిచారు, తలుపు వేశారు. బయటికి వచ్చి మనవరాలిని వరండాలోకి పిలిచారు. అబద్ధపు తూకాల వాళ్లని ఎప్పుడూ విడివిడిగానే అడిగేవారు.

"చిటికెడే నాన్నా... రోజూ... మీ అల్లుడు తిండి మానేశారని బ్రెడ్డు..." అని లోపల్నుంచి ఏడుపు గొంతు వినబడింది.

"ఒక్క బిస్కెట్టే తాతయ్యా... రోజుకి..." అని బయట్నుంచి ఇంకో గొంతు వినబడింది.

మెకానిక్‌కి అప్పుడు అంతా తెలిసింది. తను లెక్క తప్పలేదు. పస్తు పెట్టిన మూడు రోజులూ పస్తే జరగలేదు. కోపం రావాల్సింది. రాలేదు. అరచేతిలో ఉన్న రెండు పొలుసులు వాళ్లు ఊడదీసినవి కావు. తిండి ఎవరు పెట్టినా, చెయ్యి పెట్టింది తనే.

మామగారు తిరిగొచ్చి, తొట్టి ముందు తన కుర్చీ వేసుకున్నారు. పక్కన ఇంకో కుర్చీ లాగారు.

"కూర్చో" అన్నారు.

ఎనిమిది నెలల్లో మొదటి మాట. అల్లుడు అటూ ఇటూ చూశాడు, పిల్లని అంటున్నారేమోనని. పిల్ల వరండాలోనే ఏడుస్తోంది. అతను కూర్చున్నాడు.

"చేతులు ఒళ్లో పెట్టుకో. తియ్యకు."

పెట్టుకున్నాడు. ఇద్దరూ చేపని చూస్తూ కూర్చున్నారు. కాసేపటికి మామగారు పొట్ట ఎండిపోకుండా గాలిబుడగల గొట్టం తిప్పి, నీళ్లు దాని మీదుగా పారేలా చేశారు. దీపం కాస్త దూరం జరిపారు. ఇంతకు మించి ఏమీ చెయ్యలేదు. ఆ రోజంతా అంతే. మర్నాడూ అంతే. మెకానిక్ పనికి సెలవు పెట్టాడు. అతనికి వేళ్లు దురదపెట్టేవి, లేవబోయేవాడు. "కూర్చో" అనేవారు మామగారు. అలమారా మీద డబ్బా, వంటింట్లో బ్రెడ్డు, బిస్కెట్లు అన్నీ తెచ్చి తన కుర్చీ కింద పెట్టుకున్నారు.

రెండో రోజు సాయంత్రం ఆయన ఉన్నట్టుండి మాట్లాడారు.

"మీ అత్తయ్యకి బాగోలేనప్పుడు నేనూ ఇదే చేశాను."

అల్లుడు చేప మీంచి చూపు తిప్పి ఆయన వైపు చూశాడు.

"ఒక డాక్టరు దగ్గర్నుంచి ఇంకో డాక్టరు దగ్గరికి. ఈ పరీక్షా, ఆ పరీక్షా. కాగితాలు పట్టుకుని తిరగడమే సరిపోయింది నాకు. 'కాసేపు కూర్చోండి' అనేది. రేపు కూర్చుంటా, ఈ రిపోర్టొకటి తెచ్చేస్తే చాలు అనేవాణ్ని. మూణ్నెల్లలో ఒక్క పూట కూడా కూర్చోలేదు."

అల్లుడికి ఏదో ఒకటి అనాలని నోటిదాకా వచ్చింది. ఓదార్చాలనీ, సర్దిచెప్పాలనీ, బాగుచెయ్యాలనీ అనిపించింది. చేతులు ఒళ్లోనే ఉంచుకున్నాడు. నోరు కూడా అలాగే ఉంచుకున్నాడు. అతను జీవితంలో చేసిన మంచి పనుల్లో అదొకటి.

నాలుగో రోజు మామగారు ఒక బఠాణీ ఉడికించారు. తోలు తీశారు, సగం చేశారు, ఆ సగాన్ని మళ్లీ సగం చేసి నలిపారు. బంతి తిన్నది. మధ్యాహ్నానికి పక్కకి వాలింది. సాయంత్రానికి పొట్ట కిందకి తిరిగింది. మెల్లగా దిగి, అద్దం దగ్గరికొచ్చి, మూతి ఆడించింది. ఈసారి ఎవరూ చప్పట్లు కొట్టలేదు. మామగారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. తుడవాల్సింది కళ్లజోడు కాదు.

పొలుసులు కొన్ని వారాల్లో మళ్లీ వస్తాయని షాపాయన చెప్పాడు. వచ్చాయి కూడా. రెక్క చీలిక పూడింది. కానీ బంతి ఇప్పటికీ ఎడమ పక్కకి కాస్త ఒరిగి ఈదుతుంది. అది తిండి వల్లా, పట్టీ వల్లా, వయసు వల్లా అన్నది చెప్పడం ఎవరి తరమూ కాదన్నాడు షాపాయన. మెకానిక్ మాత్రం పట్టీ వల్లనే అనుకుంటాడు. రోజూ తొట్టి దగ్గరికి వెళ్లినప్పుడు అతని తల తనకి తెలీకుండానే ఎడమ పక్కకి ఒరుగుతుంది.

కూతురు తండ్రి కాళ్ల దగ్గర కూర్చుని ఏడ్చింది. మనవరాలు ఉత్తరం రాసి దిండు కింద పెట్టింది. మామగారు ఇద్దరినీ క్షమించారేమో తెలీదు, చెప్పలేదు. చెప్పాలంటే మాట్లాడాలి, ఆ ఇద్దరితోనూ ఆయన మాటలు మానేశారు. ముట్టుకోవద్దన్నది ముట్టుకున్నారు, పైగా అడిగేదాకా దాచారు. దాచినందుకు ఆయన ముప్ఫయి రెండేళ్లలో ఏ దుకాణాన్నీ వదల్లేదు. తప్పు చేసి, అడక్కముందే మొహం మీద ఒప్పుకున్నవాణ్ని ఆయన సర్వీసు మొత్తంలో ఒక్కణ్నే చూశారు.

"మీ ఆవిడతో చెప్పు, కాఫీలో చక్కెర ఎక్కువైందని" అంటారు అల్లుడితో, ఆమె కప్పు అందిస్తుండగానే. "మీ అమ్మాయితో చెప్పు, టీవీ గొంతు తగ్గించమని." అల్లుడు చెబుతాడు. జవాబు తెచ్చి ఇస్తాడు. ఉదయం లేచింది మొదలు పడుకునేదాకా బజారు తక్కెడల కథలు, చేప పొట్ట సంగతులు, ప్రపంచంలోని తప్పుడు కొలతలన్నీ అతనొక్కడితోనే చెబుతారు. బస్సెక్కాక ఫోన్ చేసి మిగిలినవి చెబుతారు.

మామగారు తనతో ఒక్క మాట మాట్లాడితే చాలని ఎనిమిది నెలలు ఎదురుచూసిన అల్లుడు, ఇప్పుడు ఆయన ఇంకెవరితోనైనా ఒక్క మాట మాట్లాడితే చాలని ఎదురుచూస్తున్నాడు.